శనివారం 40, ఆదివారం 70: మరి వాన పడే అవకాశం ఎంత?

ప్రశ్న: మాస్టారూ, నేను ఇంటర్ రెండో సంవత్సరం ఎం.పి.సి. చదువుతున్నాను. మాది కృష్ణా డెల్టాలో వ్యవసాయ కుటుంబం. వరి కోత అయిపోయి ధాన్యం కల్లంలో ఆరబోశాం. ఫోనులో చూస్తే వాన పడే అవకాశం శనివారం 40 శాతం, ఆదివారం 70 శాతం అని ఉంది. నాన్న రెండూ కూడి, "నూటపది అయింది, ఇక తడవక తప్పదు" అన్నారు. అన్నయ్యేమో "పెద్దది 70 కాబట్టి 70 శాతమే" అన్నాడు. నేను సంకలన సిద్ధాంతం వాడి 0.4 + 0.7 − 0.28 = 0.82, అంటే 82 శాతం అని చెప్పాను. "ఆ 28 ఎక్కడి నుంచి వచ్చింది?" అని అన్నయ్య అడిగితే "సూత్రంలో ఉంది" అన్నాను, ఇంకేం చెప్పాలో తెలియలేదు. మాలో ఎవరి లెక్క సరైనది? తీసివేత ఎందుకు? పరీక్షలో ఎప్పుడు తీసివేయాలో, ఎప్పుడు అక్కర్లేదో కూడా తికమకగా ఉంది. టార్పాలిన్లు అద్దెకు తెచ్చుకోవాలా వద్దా అన్నది ఇంట్లో ఇంకా తేలలేదు.

జవాబు: అమ్మాయీ, ముగ్గురిలో ఎవరి లెక్క తప్పో తేల్చడానికి నీ ఫోను చూపించిన రెండు అంకెలూ చాలవు. అందరినీ సంతోషపెట్టడానికి ఈ మాట చెప్పడం లేదు, లెక్క ప్రకారమే చెబుతున్నాను. మీ ముగ్గురిలో అసలు ప్రశ్న అడిగినవాడు మాత్రం మీ అన్నయ్య. ఆ 28 సూత్రంలో లేదు. రెండు రోజులూ వాన పడే అవకాశాన్ని తీసివేయమని మాత్రమే సూత్రం చెబుతుంది. ఆ అవకాశం ఎంతో అది చెప్పదు. 0.4ను 0.7తో గుణించి ఆ ఖాళీని నింపింది నువ్వే. గుణించవచ్చని నీకు ఎవరూ అనుమతి ఇవ్వలేదు.

ముందు తీసివేత సంగతి చూద్దాం. సరిగ్గా ఇదే సూచన వచ్చిన వారాంతాలు వంద ఉన్నాయనుకో. వాటిలో 40 వారాంతాల్లో శనివారం వాన పడుతుంది. 70 వారాంతాల్లో ఆదివారం పడుతుంది. నోటు పుస్తకంలో రెండు జాబితాలు రాస్తే మొత్తం 110 పద్దులు అవుతాయి. వారాంతాలు వందే కదా, పద్దులు 110 ఎలా అయ్యాయి? రెండు రోజులూ వాన పడిన వారాంతం శనివారం జాబితాలోనూ ఉంది, ఆదివారం జాబితాలోనూ ఉంది. అలాంటివి కనీసం పది ఉండి తీరాలి. లేకపోతే 110 పద్దులు వంద వారాంతాల్లో ఇమడవు. ఈ పది అన్న అంకె ఏ ఊహ మీదా ఆధారపడలేదు, నీ ఫోను అంకెల నుంచే వచ్చింది.

రెండుసార్లు రాసినదాన్ని ఒకసారి కొట్టేయాలి, రెండుసార్లు కాదు. రెండు రోజులూ కురిసినా ధాన్యం తడిసినట్టే, కాబట్టి ఆ వారాంతం లెక్కలో ఒకసారి ఉండాలి. చాలామంది పిల్లలు ఇక్కడ హడావిడిగా రెండుసార్లు తీసేస్తారు. అలా తీస్తే మిగిలేది 'సరిగ్గా ఒక్క రోజే వాన' అన్న వేరే ఘటన. ప్రశ్నపత్రంలో అది కూడా అడుగుతారు కాబట్టి రెండింటికీ తేడా గుర్తుంచుకో.

ఇదే మాటను శనివారాన్ని 'శ' అని, ఆదివారాన్ని 'ఆ' అని రాసుకుంటే: పి(శ ∪ ఆ) = పి(శ) + పి(ఆ) − పి(శ ∩ ఆ). ఇక్కడ 'పి' అంటే సంభావ్యత, ∪ అంటే 'కనీసం ఒకటి', ∩ అంటే 'రెండూ'. దీన్ని కంఠస్థం చేయించి వదిలేసే కోచింగ్ పద్ధతి మీద నాకు పాత కోపం ఒకటి ఉంది. రష్యన్ గణితవేత్త కోల్మొగొరొవ్ 1933లో సంభావ్యతకు స్వీకృతాలు, అంటే నిరూపణ అడగకుండా ఒప్పుకునే మూల నియమాలు, రాసినప్పుడు వాటిలో ఈ తీసివేత లేదు. ఒకేసారి జరగడానికి వీల్లేని ఘటనలైతే వాటి సంభావ్యతలను కూడవచ్చు అన్న స్వీకృతమే ఉంది. మిగతాది మనం రాబట్టుకోవాలి, అది కష్టమేమీ కాదు. శని లేదా ఆదివారం వాన పడిన వారాంతాలను రెండు గుంపులుగా విడదీయి: శనివారం పడినవన్నీ ఒక గుంపు, ఆదివారం మాత్రమే పడినవి ఇంకో గుంపు. ఈ రెండు గుంపుల్లో ఉమ్మడిగా ఏదీ లేదు కాబట్టి నిశ్చింతగా కూడవచ్చు. రెండో గుంపు ఎంత? ఆదివారం మొత్తంలోంచి రెండు రోజులూ పడినవి తీసేస్తే మిగిలేది. తీసివేత పుట్టింది అక్కడే.

ఇప్పుడు మీ తగువు. రెండు రోజులూ వాన పడే వారాంతాలు పదికి తగ్గవని చూశాం. ఎక్కువలో ఎక్కువ ఎన్ని? శనివారం పడినవే 40, కాబట్టి 40 దాటవు. అంటే తీసివేయాల్సిన అంకె 10కీ 40కీ మధ్య ఎక్కడైనా ఉండవచ్చు. పది తీస్తే 100 వస్తుంది, అది మీ నాన్నగారి "తడవక తప్పదు". నలభై తీస్తే 70, అది మీ అన్నయ్య లెక్క. శనివారం వాన పడిన ప్రతిసారీ ఆదివారం కూడా పడితేనే ఆ 70 నిజమవుతుంది. ఇరవై ఎనిమిది తీస్తే నీ 82. మీ ముగ్గురూ మూడు వేర్వేరు ఆకాశాలను ఊహించుకున్నారు, అంతే. నాన్నగారు, అన్నయ్య చెరో కొసన నిలబడ్డారు, నువ్వు మధ్యలో ఉన్నావు. మధ్యలో ఉన్నంత మాత్రాన సరైనదని కాదు.

నీ ఆకాశం ఎలాంటిదో చూడు. గుణించావంటే రెండూ స్వతంత్ర ఘటనలని ఒప్పుకున్నట్టే. శనివారం వాన పడిందన్న వార్త తెలిశాక కూడా ఆదివారం అవకాశం 70 శాతం దగ్గరే కదలకుండా ఉండాలి. శనివారం పొడిగా గడిచినా అదే 70 ఉండాలి. రెండు పాచికలకు ఇది సరిపోతుంది, ఒక పాచికకు రెండోదాని సంగతి తెలియదు. బంగాళాఖాతానికి శనివారానికీ ఆదివారానికీ మధ్య గోడ లేదు. 2023 డిసెంబరు 5న బాపట్ల దగ్గర తీరం దాటిన మిగ్‌జాం తుపాను గుర్తుందా? అప్పుడు డెల్టాలో వాన ఒక్క రోజుతో పోలేదు, కోసిన వరి, కల్లాల్లోని ధాన్యం నీళ్లలో నానాయి. ఒకే వాయుగుండం రెండు రోజులకూ వాన తెచ్చేటప్పుడు ఆ రెండు రోజులనూ స్వతంత్రమనడం పుస్తకంలోనే చెల్లుతుంది.

అయితే ఇక్కడ ఒక మెలిక ఉంది. వాతావరణ కేంద్రం ప్రకటనలో అనుమానం దేని మీద ఉందో చదవాలి. అల్పపీడనం మన తీరం వైపు వస్తుందా, దారి మళ్లి వెళ్లిపోతుందా అన్నదే తెలియని సంగతి అయితే, వచ్చిందంటే రెండు రోజులూ తడుస్తాయి, రాకపోతే రెండూ పొడిగా ఉంటాయి. అప్పుడు ఉమ్మడి భాగం 28 కన్నా పెరుగుతుంది, జవాబు నీ 82 నుంచి అన్నయ్య 70 వైపు దిగుతుంది. అలా కాక, వాన వచ్చేది దాదాపు ఖాయం, శనివారం రాత్రికే వచ్చి పోతుందా ఆదివారానికి వస్తుందా అన్నదే అనుమానమైతే కథ తిరగబడుతుంది. శనివారం కురిసి వెళ్లిపోతే ఆదివారం తెరిపిస్తుంది. ఉమ్మడి భాగం తగ్గి, జవాబు మీ నాన్నగారి వైపు ఎక్కుతుంది. ఫోనులో 40, 70 అన్న అంకెలు ఈ రెండు సందర్భాల్లోనూ ఒకేలా కనిపిస్తాయి. అందుకే ఆ రెండు అంకెలు చాలవని మొదటే అన్నాను.

మొదటి సందర్భమే అనుకుని ఒక లెక్క చేసి చూపిస్తాను. ఈ 85 నేను ఊహించుకున్న అంకె, ఎక్కడా కొలిచింది కాదు: శనివారం వాన పడితే ఆదివారం పడే అవకాశం 85 శాతం. అప్పుడు 40 వారాంతాల్లో 85 శాతం, అంటే 34 వారాంతాల్లో రెండు రోజులూ వాన. శనివారం మాత్రమే 6, ఆదివారం మాత్రమే 36, రెండు రోజులూ పొడి 24. కూడి చూడు, వంద వస్తుంది. కనీసం ఒక రోజు తడిసేవి 76. నీ స్వతంత్ర లెక్కలో అవే గడులు 28, 12, 42, 18 అవుతాయి, తడిసేవి 82. ఈ నాలుగు గడులూ గీసుకోవడం అలవాటు చేసుకుంటే సూత్రం మరిచిపోయినా పని ఆగదు. వెన్ చిత్రం గీసినా అదే ఫలితం, కానీ వృత్తాల మధ్య అంకెలు ఇరికించడం కన్నా గడుల్లో రాయడమే నాకు తేలిక.

మీ నాన్నగారి 110ని చూసి నవ్వావేమో. నూటికి నూటపది అవకాశం ఉండదన్న మాట నిజమే. కానీ ఆ 110కి ఒక గట్టి అర్థం ఉంది. ఇప్పుడు గీసిన గడుల్లో తడిసిన రోజులు లెక్కపెట్టు. 34 వారాంతాల్లో రెండేసి రోజులు, అంటే 68. వాటికి 6, 36 కలిపితే 110. నీ గడుల్లోనూ చూడు: 56, 12, 42 కలిపితే అదే 110. ఉమ్మడి భాగం ఎంతైనా మారనిది ఇదొక్కటే. వంద వారాంతాల్లో 110 తడి రోజులు, అంటే ఒక్కో వారాంతానికి సగటున 1.1 తడి రోజు. తడిసిన ప్రతి రోజుకూ కూలీలను పెట్టి ధాన్యాన్ని మళ్లీ ఆరబోయించడానికి రెండు వేలు అవుతుందనుకుంటే, సగటు ఖర్చు రెండు వేల రెండు వందలు. దీనికి ఉమ్మడి భాగం తెలియాల్సిన అవసరమే లేదు. 'ఎన్ని రోజులు తడుస్తుంది' అన్న ప్రశ్నకు మీ నాన్నగారు సరైన జవాబు చెప్పి, దాన్ని 'తడుస్తుందా లేదా' అన్న ప్రశ్నకు అంటగట్టారు. రెండో ప్రశ్నకు కూడా ఆయన పద్ధతి ఒక రకంగా పనికొస్తుంది. ఉత్త కూడిక ఎప్పుడూ అసలు జవాబు కన్నా తక్కువ చూపించదు. జార్జ్ బూల్ పేరు మీద ఉన్న అసమానత చెప్పేది ఇదే. అవకాశాలు 2 శాతం, 3 శాతం లాంటి చిన్నవైతే, వాటి మధ్య గట్టి సంబంధం లేనప్పుడు, ఉమ్మడి భాగం ఇసుమంతే ఉంటుంది. అప్పుడు ఉత్త కూడికతోనే పని గడిచిపోతుంది. 40, 70 లాంటి పెద్ద అంకెలు వచ్చేసరికి అది వంద దాటిపోయి తన లోపం తానే చెప్పుకుంటుంది.

ఈ చోట తడబడినవాళ్లలో మహామహులున్నారు. ఒక నాణేన్ని రెండుసార్లు ఎగరేస్తే కనీసం ఒకసారి బొమ్మ పడే సంభావ్యత ఎంత? నువ్వు వెంటనే 1/2 + 1/2 − 1/4 = 3/4 అంటావు. ఫ్రాన్సులో దలంబేర్ అంతటి గణితవేత్త 1754లో, తాను దిద్రోతో కలిసి సంపాదకత్వం వహించిన విజ్ఞాన సర్వస్వంలోనే, అది 2/3 కావాలని వాదించాడు. మొదటిసారే బొమ్మ పడితే ఆట అక్కడితో అయిపోయింది, ఇక రెండోసారి ఎగరేయడం ఎందుకు అన్నది ఆయన తర్కం. కాబట్టి ఉన్నవి మూడు సందర్భాలే: బొమ్మ; బొరుసు తర్వాత బొమ్మ; బొరుసు తర్వాత బొరుసు. మూడింట్లో రెండు అనుకూలం. ఆ మూడూ సమసంభవాలు కావని, అంటే మూడింటికీ సమాన అవకాశం లేదని, ఆయనకు పట్టలేదు. మొదటి సందర్భంలో 'బొమ్మ-బొమ్మ', 'బొమ్మ-బొరుసు' రెండూ దాగి ఉన్నాయి, దాని బరువు మిగతావాటికి రెండింతలు. మీ నాన్నగారు ఉమ్మడి భాగాన్ని రెండుసార్లు లెక్కపెడితే, దలంబేర్ దాన్ని పూర్తిగా మింగేశాడు.

అంతకు వందేళ్ల ముందు, 1654లో, పాస్కల్ ఫెర్మాకు రాసిన ఉత్తరంలో షెవలియే ద మెరె అనే ఆయన చిక్కు ఒకటి ప్రస్తావించాడు. ఒక పాచికను నాలుగుసార్లు వేస్తే కనీసం ఒక ఆరు పడే అవకాశం సగానికి పైన ఉంది. రెండు పాచికలను 24 సార్లు వేస్తే కనీసం ఒకసారి జంట ఆరు పడే అవకాశం మాత్రం సగానికి కింద ఉంది. ఆరుకు నాలుగు, ముప్ఫై ఆరుకు ఇరవై నాలుగు, నిష్పత్తి ఒకటే కదా, ఫలితం ఎందుకు మారిందన్నది ఆయన ఫిర్యాదు. ఉత్త కూడిక చేస్తే రెండు చోట్లా 2/3 వస్తుంది. నిజానికి మొదటిది 51.8 శాతం, రెండోది 49.1 శాతం. ఉమ్మడి భాగాలను లెక్కలోకి తీసుకుంటేనే ఆ తేడా బయటపడుతుంది.

ఇక టార్పాలిన్ల విషయం. మీ ముగ్గురి లెక్కల్లో తక్కువది 70. ఆకాశం ఎవరి పక్షాన ఉన్నా జవాబు అంతకన్నా తగ్గదు. కల్లంలో ధాన్యం పెట్టుకుని 70కీ 82కీ మధ్య తేడా కోసం వాదించుకోవడం నాకు విడ్డూరంగా ఉంది, తెచ్చి కప్పండి. కొనుగోలు కేంద్రంలో తేమ 17 శాతం దాటితే ఏమంటారో మీ నాన్నగారికి నేను చెప్పక్కర్లేదు. ఒక్క విషయం మాత్రం చూసుకో: ఆ 40, 70 దేని అవకాశాలు? అమెరికా జాతీయ వాతావరణ సేవ లెక్కలో 0.01 అంగుళం, అంటే పావు మిల్లీమీటరు పడినా వాన పడినట్టే. మన వాతావరణ శాఖ 2.5 మిల్లీమీటర్లు పడితేనే దాన్ని వర్షపు రోజు అంటుంది. చినుకుల అవకాశం వేరు, కుప్ప కింద నీళ్లు చేరే అవకాశం వేరు. ఘటన ఏమిటో తేలకుండా దాని సంభావ్యత మీద తగువు పడితే తెగదు.

పరీక్ష సంగతి. తీసివేత అక్కర్లేని సందర్భం ఒక్కటే: ఘటనలు పరస్పర వివర్జితాలైనప్పుడు, అంటే ఒకేసారి జరగడానికి వీల్లేనివైనప్పుడు. పేకల కట్టలోంచి ఒక ముక్క తీస్తే అది రాజు గానీ రాణి గానీ అయ్యే సంభావ్యత 4/52 + 4/52. ఒకే ముక్క రాజూ రాణీ రెండూ కాలేదు. రాజు గానీ ఆఠీను గానీ అంటే 4/52 + 13/52 − 1/52, ఆఠీను రాజు రెండు గుంపుల్లోనూ ఉన్నాడు కాబట్టి. జవాబు 16/52, అంటే 4/13. పిల్లలు ఎక్కువగా మార్కులు పోగొట్టుకునేది పరస్పర వివర్జితాన్నీ స్వతంత్రాన్నీ ఒకటే అనుకోవడం వల్ల. అవి దాదాపు విరుద్ధాలు. తీసిన ముక్క రాజు అని తెలిస్తే అది రాణి అయ్యే అవకాశం ఒక్కసారిగా సున్నా అయిపోయింది. ఒకదాని వార్త రెండోదాన్ని ఇంతగా కదిలిస్తే వాటిని స్వతంత్రమని ఎలా అంటాం? ప్రశ్నలో స్వతంత్రమని ఇస్తేనో, పాచికలు, నాణేల్లా అది స్పష్టంగా ఉంటేనో తప్ప గుణకారం జోలికి పోవద్దు.

గుణకారం మోసం చేసే చోటు ఒకటి చెబుతాను. 1 నుంచి 100 వరకు ఉన్న సంఖ్యల్లో ఒకటి తీస్తే అది 4తో గానీ 6తో గానీ భాగించబడే సంభావ్యత? 4కు గుణిజాలు 25, 6కు గుణిజాలు 16. ఉమ్మడివి 24కు గుణిజాలని రాసేవాళ్లు నా తరగతుల్లో ప్రతి ఏడాదీ ఉండేవారు, అలా రాస్తే 4 వస్తాయి. అసలు కావాల్సింది కనిష్ఠ సామాన్య గుణిజం 12, దాని గుణిజాలు 8. జవాబు 25 + 16 − 8 = 33, అంటే 33/100. సంభావ్యతలను గుణించి 0.25 × 0.16 = 0.04 రాసినా అదే తప్పు చేసినట్టు.

మూడు ఘటనలైతే మూడింటినీ కూడి, రెండేసి ఉమ్మడి భాగాలు మూడింటినీ తీసి, మూడింటికీ ఉమ్మడిగా ఉన్న భాగాన్ని తిరిగి కలపాలి. తిరిగి ఎందుకు కలపాలంటావా? మూడింట్లోనూ ఉన్నదాన్ని కూడేటప్పుడు మూడుసార్లు లెక్కపెట్టాం, తీసేటప్పుడు మూడుసార్లు తీశాం, లెక్కలో అది లేకుండానే పోయింది. 1 నుంచి 100 వరకు 2, 3, 5లలో కనీసం ఒకదానితో భాగించబడేవి ఎన్నో చేసి చూడు: 50 + 33 + 20 − 16 − 10 − 6 + 3 = 74. నమ్మకం కుదరకపోతే మిగిలిన 26 సంఖ్యలనూ కాగితం మీద వరసగా రాయి. 1తో మొదలై 97తో ఆగుతాయి. 49, 77, 91 మాత్రం మరిచిపోకు.